పట్టు షెడ్డులో గోష్ఠి

కెంపమ్మ కొడుకు అంబరీష్‌కి జ్ఞానం వచ్చేసిందని పక్కింటి సుజాతమ్మ వీధంతా చెప్పిందట. "డిగ్రీ చదివినోడు పనీపాటా ఇడిసిపెట్టి, గడ్డం పెంచుకోని గోడను చూస్తా కూర్చుంటాడంట. ఏమప్పా అంటే శూన్యం అంటాడంట" అని.

ఆ మాట చెవిన పడి అంబరీష్ లోలోపల పొంగిపోయాడు.

ఆ ఆదివారం గోష్ఠిని పట్టుపురుగుల షెడ్డులోనే పెట్టాడు. చల్లగా ఉంటుంది. పైగా తల్లి ఆకు కోయడానికి తోటకు పోయింది.

తట్టల నిండా పురుగులు. ఇంకో రెండు రోజుల్లో గూడు కడతాయి. ఆ ఇంటి ఏడాది తిండి ఆ పంటే.

గోష్ఠికి వచ్చిన స్నేహితులు ఇద్దరే. కిశోర్ అగరొత్తుల కట్ట ముట్టించాడు. అమరనాథ్ కళ్ళు మూశాడు.

"పురుగు ఆకును తింటాండాదా, కాలం పురుగును తింటాండాదా?" అన్నాడు అంబరీష్.

"అబ్బబ్బా!" అన్నాడు కిశోర్, ఒక్క ముక్క అర్థం కాకపోయినా.

తలుపు తోసుకుని ఒక మనిషి వచ్చాడు. మాసిన పంచె, చంకలో సంచి. పలకరింపు లేదు. పొగను చూపించాడు. పురుగులను చూపించాడు. తన పీక తానే పట్టుకుని నాలుక బయటపెట్టాడు.

"అంతా పొగే, పోయేదే అంటాండాడు," అన్నాడు కిశోర్.

"కాదప్పా, ఊపిరి బిగబట్టమంటాండాడు. యోగం!" అన్నాడు అమరనాథ్.

"ఆ మౌనంలో ఎంత లోతుండాదో చూడండి," అని అంబరీష్ చేతులు జోడించాడు.

ఆ మనిషి తల బాదుకున్నాడు. అగరొత్తులు లాక్కుని కాలికింద నలిపేశాడు.

"అగరొత్తి తొక్కుతావా, నా కొడకా!"

కిశోర్ గుద్దిన గుద్దుకు పెదవి చీలింది. అమరనాథ్ డొక్కలో తన్నాడు. పడినవాడు పాకుతూనే పోయి కిటికీ తెరవబోయాడు. అంబరీష్ వెదురు కర్ర పీకి నెత్తిన వేశాడు. ఒకసారి కాదు. మల్బరీ ఆకుల మీద రక్తం చిందింది.

కాళ్ళు పట్టి గడప బయటికి ఈడ్చి పారేశారు.

"శాంతి," అంటూ అమరనాథ్ మళ్ళీ కళ్ళు మూశాడు. కిశోర్ ఇంకో కట్ట ముట్టించాడు.

కెంపమ్మ ఆకు మోపుతో వచ్చేసరికి తట్టల్లో పురుగులు పచ్చని నీళ్ళు కక్కుతూ మెలికలు తిరుగుతున్నాయి.

ఆమె వాటిని చూడలేదు. మోపు పడేసి, గడప దగ్గర పడున్న మనిషి ముక్కు కింద వేలు పెట్టి చూసింది. ఊపిరి లేదు.

"ఎవురో పిచ్చోడమ్మా. అంత పొగరు ఏందో, ఒక్క మాటన్నా చెప్పలేదు," అన్నాడు అంబరీష్.

"మూగోడు ఏం చెబుతాడురా? పోయినసారి జబ్బు తగిలిన మన పురుగులను బతికించింది ఈయప్పే. ఈసారీ చూసిపొమ్మని జంగమకోటె నుంచి నేనే పిలిపించినాను."