అయాజ్ ఆఖరి రోజు వీడియో

నేనూ అయాజూ ఒకే స్టూడియోలో కెమెరా పట్టేది నేర్చుకున్నోళ్లం. నేను కోయిలకుంట్లలో పెండ్లిండ్లు తీసుకుంటా ఉండిపోతి. వాడు యుద్ధాలు తీసి, డాక్యుమెంటరీలు చేసి, ప్రైజులు కొట్టినాడు. నిజం చెప్తాండానప్పా, వాని ఫొటో పేపర్లో పడిన రోజు నాకు అన్నం దిగలేదు.

పోయిన నెల వాడు యుద్ధంలోనే బాంబు పడి సచ్చిపాయె. వాని పెండ్లాం సాజియా హార్డ్ డిస్క్ తెచ్చిచ్చింది.

"ఆఖరి రోజు ఒంటరిగా పోయి తీసింది చూసే ధైర్యం నాకు లేదు ఉమన్నా. నువ్వే చూసి బాగుండేది ఏరి పెట్టు. నలభయ్యో దినం అందరికీ చూపిస్తాం" అనింది.

రాత్రి నా స్టూడియో షట్టర్ దించుకుని కూర్చుంటి. సచ్చినా వానికే పేరా అని కడుపు మండిపాయె. దీంట్లో ఏమీ లేదని చెప్పి డిలీట్ కొట్టేద్దామనుకుంటి. అయినా ఒకసారి చూద్దామని పెడితి.

కూలిపోయిన వీధి కనపడె. చప్పుడే లేదు. అంతలో అయాజే నడుచుకుంటా ఫ్రేములోకి వచ్చినాడు. వాడు ఒంటరిగా పోయినాడని సాజియా చెప్పింది కదా, మరి కెమెరా పట్టుకునింది ఎవరు?

పెండ్లికొడుకులకు నేను దినామూ చెప్పే మాటే, నా గొంతుతోనే, కెమెరా ఎనక నుంచి ఇనపడె.

"కొంచెం ఎడమకు జరుగప్పా. ఇంగొంచెం. ఆ, ఆడనే నిలబడు."

వాడు నవ్వుకుంటా జరిగినాడు. తెరంతా తెల్లగా అయిపాయె.

అప్పుడే ఫోన్ మోగె.

"చూస్తివా అన్నా? ఎట్లుండాది?" అనింది సాజియా.

"ఆ పొద్దు నేను ఈడనే ఉంటినమ్మా, ఒట్టు" అంటి.