పుస్తకం రాసినాయన

సంతకు సంచి తీసుకుని గుమ్మం దిగబోతూ నాగవేణి వెనక్కి తిరిగింది.

"ఏమే, ఆ పుస్తకం రాసినాయన ఇయ్యాల రేపట్లో వస్తానన్నాడుగా. నేను లేనప్పుడొస్తే, మీ నాన్నని ఒక్కసారి రమ్మన్నానని చెప్పు."

సింధూజ ఎసట్లో బియ్యం పోస్తా ఉంది.

"చెవిన పడిందా?"

"పడింది లే. పోయిరా, ఎండెక్కుద్ది."

మాచర్ల బస్టాండు పక్కన వాళ్లది నాలుగు బల్లల మెస్సు. తల్లీకూతుళ్లే వంట, వాళ్లే వడ్డన.

ఇంటాయన ఆదెయ్య, సింధూజ నడక నేర్చే వయసులో అత్తమామలతో మాటామాటా పెరిగి లారీ ఎక్కి పోయాడు. మళ్లీ కబురు లేదు. ఆయన మొహం ఎట్లా ఉంటుందో సింధూజకు తెలియదు.

అయినవాళ్లు ఎంతమంది చెప్పినా నాగవేణి మాత్రం బొట్టు తీయలేదు.

మొన్నామధ్య ఆటో మౌలాలీ ఒక పుస్తకం తెచ్చి ఇచ్చాడు. ఎవరో బేరానికి ఎక్కినవాళ్లు ఆటోలో మర్చిపోయారట. హైదరాబాదులో ఎక్కడెక్కడ ఏమేం తినొచ్చో రాసిన పుస్తకం. ఇరానీ చాయ్, అరబ్బుల మందీ, బెంగాలీ మిఠాయిలు, ఎక్కడెక్కడి దేశాల తిండో ఉంది అందులో.

నడుమ ఒక పేజీలో, అమీర్‌పేట సందులో మాచర్ల ఆదెయ్య వండే చింతచిగురు పప్పు గురించి ఉంది.

ఆ పేజీ చదివించుకుని నాగవేణి ఆ పూట అన్నం ముట్టలేదు. పుస్తకంలో ఉన్న నంబరుకు మౌలాలీ చేత ఫోన్ కలిపించి మాట్లాడింది.

రాసినాయన పేరు జ్ఞానేశ్వర్. ఆదెయ్య తనకు బాగా తెలుసన్నాడు. ఆయన దగ్గర ఫోన్ లేదన్నాడు. తనే వచ్చి అన్నీ మాట్లాడతానన్నాడు.

మధ్యాహ్నం రద్దీ తగ్గాక ఒక పెద్దాయన మెట్లెక్కి వచ్చాడు. బట్టతల, నెరిసిన గడ్డం, చంకలో ఆ పుస్తకమే.

"సింధూజంటే..."

"నేనేనండి. హైదరాబాదు నుంచేగా? మీ కోసమే చూస్తన్నాం. కూర్చోండి."

"నేను..."

"ముందు తినండి సార్. మాటలెక్కడికి పోతాయి?"

కంచం పెట్టి వడ్డించింది. అక్కడే తింటున్న మౌలాలీ కొంచెం జరిగి చోటిచ్చాడు.

"సార్, ఈసారి పుస్తకంలో మా అమ్మాయి మెస్సు కూడా రాయండి. రోజూ ఇక్కడే తింటా కూడా మౌలాలీ ఇంకా బతికే ఉన్నాడని రాయండి."

"నోరు మూసుకుని తిను బాబాయ్," అంది సింధూజ.

వచ్చినాయన నవ్వలేదు. పప్పన్నం కలిపి, ముద్ద చేతిలోనే పట్టుకుని ఆమె వైపు చూశాడు.

"ఆదెయ్య వస్తే ఇంట్లోకి రానిస్తారా అమ్మా?"

సింధూజ గరిటె గిన్నెలో పడేసింది.

"అడగమన్నాడా?"

"ఆయన మాటే."

"ఆ ఒక్క మాట అడగటానికి కూడా ఇంకో మనిషి కావాల్సొచ్చిందా ఆయనకి?"

వచ్చినాయన తల దించుకున్నాడు.

"మీ అమ్మ... ఇంట్లో లేదా?"

తల్లి చెప్పిపోయిన మాట సింధూజ నాలిక చివరి దాకా వచ్చింది. దాని వెనకే ఇన్నేళ్ల కోపమూ వచ్చింది. జ్వరమొస్తే ఆస్పత్రికి ఎత్తుకుపోయే మనిషి లేకపోవటం, బళ్లో నాన్నేం చేస్తాడని అడిగితే పిల్లలు నవ్వటం, అన్నీ వచ్చినయ్.

కోపమే ముందు బయటపడింది.

"అమ్మ పోయింది. మీతో ఫోన్లో మాట్లాడిన రాత్రే. చూసీ చూసీ పోయింది. ఆయనకి అట్లనే చెప్పండి."

మౌలాలీ ముద్ద నోటి దగ్గరే ఆగిపోయింది. సింధూజ కళ్లురిమింది. అతను కంచంలోకి చూపు తిప్పుకున్నాడు.

వచ్చినాయన ముద్ద కంచంలో పెట్టేశాడు. లేచి బయట కుళాయి దగ్గరికి పోయాడు.

చెయ్యి కడుక్కుంటాడనుకుంటే, నిండు బకెట్టు ఎత్తి చొక్కా మీదే తల నుంచి కిందికి పోసుకున్నాడు.

"పట్నం మనిషి. మన ఎండకు తాళలేకపోయాడు," అంటూ సింధూజ తువ్వాలు పట్టుకుని ఎదురుపోయింది.

ఆయన తువ్వాలు అందుకోలేదు.

"చల్లగా ఉండమ్మా," అని, తడిబట్టలతోనే రోడ్డు దాటి బస్టాండు జనంలో కలిసిపోయాడు.

"ఏందమ్మాయ్ అది! బతికున్న మనిషిని చంపేశావు," అన్నాడు మౌలాలీ.

"తగలనీ బాబాయ్. పోయి చెప్తాడుగా. ఒక్క రాత్రన్నా ఆయన్ని ఏడవనీ. తెల్లారి నేనే ఫోన్ చేసి నిజం చెప్తా."

"అసలు నువ్వు నాగవేణి కడుపున పుట్టినదానివేనా?"

"ఆయనకీ పుట్టాగా. ఆ మొండితనం ఎక్కడికి పోద్ది?"

మౌలాలీ చెయ్యి కడుక్కుని పోయాడు.

నాగవేణి సంత నుంచి వచ్చేసరికి సింధూజ బల్లలు తుడుస్తా ఉంది.

"వచ్చాడంటగా? మౌలాలీ ఎదురుపడి, నిన్నే అడగమని పోయాడు. నా మాట చెప్పావా?"

సింధూజ నోరు తెరిచేలోపే ఫోన్ మోగింది. జ్ఞానేశ్వర్ నంబరు.

"సార్, బస్సు దొరికిందా?" అంది.

"బస్సేంటమ్మా, నేను జ్వరంతో హైదరాబాదులోనే పడి ఉన్నాను," అంది అటు నుంచి గొంతు. "మీరు గుర్తుపట్టటానికి నా పుస్తకం చేతికిచ్చి ఆయన్నే పంపించాను. అమీర్‌పేటలో పని మానేసి, గది కూడా ఖాళీ చేసి, ఇక ఉన్నన్నాళ్లూ నాగవేణి దగ్గరే ఉంటానని పొద్దున్నే బస్సెక్కాడు మీ నాన్న, ఇల్లు చేరాడా?"