చిలుకమ్మ మాట

నెల నిండనియ్యి అంటాడు వెంకట్రాం. ఇవాళే ఖాళీ చేయించాలంటుంది భూలక్ష్మి. మూడు రోజులుగా తలుపేసుకొని మొగుడూ పెళ్లాలకు ఇదే గొడవ.

దంతాలపల్లిలో వాళ్ల మేడ మీది గదిలోకి కృపాకర్ గిటారుతో దిగి రెండు నెలలైంది. సొంతంగా పాటలు రాసుకొని రాక్ బ్యాండుతో పాడతాడని, సినిమాల్లోనూ పాడాడని కూతురు పూజ చెప్పింది.

గిటారుతో ఎవరికీ ఇబ్బంది లేదు.

మధ్యాహ్నం కాగానే భూలక్ష్మి అత్త చిలుకమ్మ దగ్గర కూర్చొని ముచ్చట్లు వినేవాడు. తర్వాత మేడెక్కి, ఆమె మాటలనే ఆమె యాసలో పైకి అనుకునేవాడు. బట్టలు ఆరేయబోయిన భూలక్ష్మి చెవిన పడింది.

"గంత దూరం ఏం పోతవ్ బిడ్డా, జర కూసో."

ఒకటే మాట, పదిసార్లు.

సినిమాల్లో తమ తెలంగాణ మాట ఎవరి నోట వస్తుందో ఆమెకు తెలుసు. రౌడీ నోట, లేకపోతే జనాన్ని నవ్వించేవాడి నోట. హాస్టల్లో చదివేటప్పుడు కోస్తా పిల్లలు ఆ డైలాగులతోనే ఆమెను ఏడిపించారు.

మొగుడు కదలకపోతే తనే మెట్లెక్కింది.

"మా అత్తమ్మను ఎక్కిరిస్తున్నవా? సినిమాల నవ్వుకు మేమే దొరికినమా?"

"కాదండీ. ఒక్కసారి నా మాట వినండి."

ఆ 'అండీ' వినగానే ఆమెకు ఇంకా మండింది.

"నీ సోకు మాటలు మాకొద్దు. పో."

అవ్వకు చెప్పి వెళతానన్నాడు. అదీ వద్దంది.

సాయంత్రం చిలుకమ్మ అడిగితే, పని పడి పోయిండని చెప్పింది భూలక్ష్మి.

"నాకు చెప్పకుంటనే పోయిండా?"

ముసలామె వారం రోజులు ఆ మాటే అన్నది. నిజం చెప్పడానికి ఆ తర్వాత కూడా చాలా రోజులున్నాయి. భూలక్ష్మి చెప్పలేదు. చలికాలంలో చిలుకమ్మ పోయింది.

సంవత్సరీకానికి ఎవరెవరిని పిలవాలో రాసుకోవడానికి మరిది యాదగిరి, తోటికోడలు కొడకండ్ల నుంచి వచ్చారు. రాస్తూ రాస్తూ పూజ, ఒక పాట వినమని ఫోన్ మధ్యలో పెట్టింది.

కృపాకర్ గొంతు. పల్లవిలో చిలుకమ్మ మాట. జర కూసో బిడ్డా అన్నచోట వెంకట్రాం కండ్లు తుడుచుకున్నాడు. ఎవరికీ నవ్వు రాలేదు.

పాట కింద కృపాకర్ నాలుగు ముక్కలు రాసుకున్నాడు. భూలక్ష్మి ఫోన్ తీసుకొని చదివింది. మళ్లీ చదివింది. తలెత్తకుండానే కూతురితో అంది.

"కృపాకర్ పేరు మొదలు రాయి. నేనే పోయి పిలుస్త."

అందరూ ఆమె వైపు చూశారు.

"ఆ పిల్లగాడు చెప్పకుంట పోలే. అత్తమ్మకు చెప్పి పోతనంటే నేనే వద్దన్న. అత్తమ్మతోని అబద్ధమాడిన."

ఫోన్ కింద పెట్టింది.

"ఆయనది మన భూపాలపల్లేనట. అమ్మ లేదట. సినిమాల పాడెటందుకు వాళ్లమ్మ మాటను పోగొట్టుకున్నడట. దాన్నే అత్తమ్మ దగ్గర మళ్ల నేర్సుకున్నడట."