చెప్పుకోదగ్గ జనం

“ఫోన్ పిచ్చి మీద క్లాసంటే జనం విరగబడాలె గద సార్! పొద్దట్నుంచి ఒక్కరు సుత అడగలే,” అన్నాడు విజయేందర్.

“ఫోన్ కాదయ్యా, ఫెర్న్! ఫెర్న్ పిచ్చి!” రామ్మోహనరావు నెత్తి కొట్టుకున్నారు. “పువ్వు పూయని, కాయ కాయని మొక్క. దానికోసం ఒకప్పుడు ఇంగ్లండు దేశమంతా వెర్రెత్తిపోయింది!”

అప్పటికే ఆలస్యమైంది. గుమ్మం పక్కన బోర్డు మీద ‘విక్టోరియా రాణి కాలంలో ఫోన్ పిచ్చి’ అని ఎర్ర మార్కరుతో ఘనంగా రాసి ఉంది.

అమీర్‌పేటలో మూడో అంతస్తులోని ఆ కోచింగ్ సెంటర్ విజయేందర్‌ది. రామ్మోహనరావు పంజాగుట్టలో ఉంటారు. బోటనీ లెక్చరరుగా రిటైరయ్యారు. నూట యాభై ఏళ్ల కిందట ఇంగ్లండులో మామూలు జనానికి ప్రకృతి శాస్త్రం మీద ఎంత మోజుండేదో ఆదివారం సాయంత్రాలు ఈ హాల్లో ఉచితంగా చెబుతుంటారు. చెప్పడం ఉచితమే గాని, ఉచితాసనాలన్నీ ఖాళీ. వచ్చేది ఆరుగురు.

“ఫోనో ఫెర్నో, ఏదైతేంది సార్? ఇయ్యాల నలభై మంది రాకుంటే వచ్చే వారం నుంచి హాలు కోడింగ్ బ్యాచ్‌కిస్త. ఏమనుకోకుండ్రి.”

రామ్మోహనరావు ముప్ఫై ఏళ్లు మార్కుల కోసం పాఠం చెప్పారు. ముచ్చట కోసం చెప్పుకునే చోటు ఇదొక్కటే మిగిలింది.

మెట్లు దిగి, కింద చెప్పులు కుట్టే హనుమాండ్లు పక్కన చతికిలబడ్డారు. ఆ ఆరుగురిలో అతనొకడు. వెనక వరుసలో గోడకానుకుని కూర్చుంటాడు, ఒక్క ఆదివారం తప్పడు.

“ఏంది సార్, ముఖం గట్ల పెట్టిండ్రు?”

సంగతి చెప్పారు.

“నలభై మందా! మరి ఇయ్యాల ఆ చెప్పులు కుట్టే పెద్దమనిషి ముచ్చట చెప్తనంటిరి గద!”

“వినేవాళ్లుంటే గదయ్యా చెప్పేది.” చెయ్యి ఆనించుకోబోతే పక్కన గోనెసంచి తగిలింది. “ఏంటిది, ఇంత మూట?”

“కుట్టిచ్చుకొని తీస్కపోనియి సార్. కోర్సు అయిపోంగనే పిల్లలు ఊళ్లకు పోతరు. ఇవి నా కాడనే ఉంటయ్.”

“బాగుంది! చెప్పాల్సినవి నా దగ్గర మిగిలిపోయాయి, చెప్పులు నీ దగ్గర మిగిలిపోయాయి.”

హనుమాండ్లు నవ్వాడు. “ఫికర్ చెయ్యకుండ్రి సార్. చాయ్ తాగి నిమ్మళంగ రాండ్రి.”

ఒకటి అనుకుని రెండు చాయ్‌లు తాగి, మెట్రో స్టేషన్ దాకా నడిచి, అయిదింటికి ఉరిశిక్ష పడ్డవాడిలా మెట్లెక్కారు రామ్మోహనరావు.

వరండాలో అడుగుపెట్టే చోటు లేదు. ఎటు చూసినా చెప్పులు. లోపల గోలగోల. విజయేందర్ చెమటలు కక్కుతూ పక్క గదిలోంచి కుర్చీలు మోస్తున్నాడు.

“చూసిండ్రా సార్ నా బోర్డు పవర్! ఫోన్ పిచ్చోళ్లంత దిగిండ్రు!”

రామ్మోహనరావు గుమ్మంలోనే ఆగిపోయారు. వీళ్లు ఫోన్ కోసం వచ్చినవాళ్లు! నిజం చెబితే లేచిపోతారు. చెప్పకపోతే మోసం. మైకు ముందు గొంతు సవరించుకుని, చివర్లో చెబుదామని మనసుకు సర్దిచెప్పి మొదలెట్టారు.

ఫెర్న్ కోసం ఆడవాళ్లు పొడుగు గౌన్లతోనే కొండచరియలెక్కిన సంగతి చెప్పారు. గాజుపెట్టెల్లో అడవులు పెంచుకుని నట్టింట్లో పెట్టుకున్న సంగతి చెప్పారు. “బొట్టు పెట్టి పిలిచినా రాని జనం, నీటిబొట్టు చూడ్డానికి కదిలొచ్చారర్రా! సూక్ష్మదర్శినిలో ఒక్క బొట్టు!” హాలు ఘొల్లున నవ్వింది.

ఆ తర్వాత చెప్పులు కుట్టే ఆయన కథ ఎత్తుకున్నారు. బడి చదువు లేదు. పగలంతా తోలుపని. పని కట్టేశాక పొలాల వెంట, సముద్రం వెంట పురుగుల కోసం తిరిగేవాడు. పెట్టుకునే చోటు లేక టోపీలో దాచుకునేవాడు. చివరికి పెద్ద పెద్ద పండితులు ఆయన్ని తమ సంఘంలో చేర్చుకున్నారు.

వెనక వరుసలో హనుమాండ్లు గోడ వదిలి నిటారుగా కూర్చున్నాడు.

ఒక్కరూ లేవలేదు. ఇంట్లో పూలకుండీ పళ్లెంలో నిలిచిన నీళ్లు ఒక్క బొట్టు సూక్ష్మదర్శిని కింద పెట్టగానే వరుస గుమ్మం దాకా సాగింది. చూసినవాళ్లు మళ్లీ వెనక్కెళ్లి నిలబడ్డారు.

అప్పుడిక రామ్మోహనరావు ఆగలేకపోయారు. మైకందుకున్నారు.

“ఒక పొరపాటు జరిగిందమ్మా. విజయేందర్‌కి ఫెర్న్ అంటే ఫోన్ అని వినబడింది. అదే బోర్డెక్కింది. మీరు ఫోన్ క్లాసనుకుని వచ్చుంటారు. క్షమించండి.”

హాలంతా పగలబడి నవ్వింది. ముందు వరుసలోంచి హైందవి అనే అమ్మాయి లేచింది.

“బోర్డెవరు చూసిండ్రు సార్? బయట గన్ని చెప్పులు చూసి వచ్చినం. అమీర్‌పేటల డెమో క్లాసుకు లెక్క గంతే గద! చెప్పులు ఎక్కువుంటే ఫ్యాకల్టీ మస్తున్నట్టు. గంత రష్ల సుత నాకు ముందు సీటు దొరికింది, నా లక్కు! వచ్చే ఆదివారం మా హాస్టలోళ్లను సుత తీస్కొస్త.”

చప్పట్లు మోగాయి. విజయేందర్ వచ్చి ఆయన చేతులు పట్టుకున్నాడు. “ఆదివారం హాలు మీదే సార్. కోడింగ్ బ్యాచ్‌ను శనివారం తోలేస్త.”

జనం చెప్పులేసుకుని ఒక్కొక్కరే దిగిపోయారు. రామ్మోహనరావు సూక్ష్మదర్శినిని పెట్టెలో పెట్టి, లైట్లార్పి, ఛాతీ రెండంగుళాలు పెంచుకుని బయటికొచ్చారు. గుమ్మం పక్కన హనుమాండ్లు నిలబడి ఉన్నాడు.

“చూశావా హనుమాండ్లూ! శాస్త్రానికున్న ఆకర్షణ అంటే అదీ. నువ్వింకా పోలేదేం?”

“జర పనుంది సార్. మీరు నడువుండ్రి.”

ఆఖరి మనిషి కూడా వెళ్లిపోయిన వరండా వైపు రామ్మోహనరావు గర్వంగా చూశారు.

అక్కడింకా నలభై జతల చెప్పులున్నాయి.