నువ్వుగింజ నానని వీధి

మింగిన మాటే ఆ ఊరి దీపాలకు నూనె. చెప్పాల్సిన మాటను ఎవరైనా గొంతులోనే ఆపుకుంటే దగ్గరున్న దీపం వెలుగుతుంది. దీపాలు బాగుచేసే మేస్త్రీ ఉండే వీధిలో మాత్రం అవెప్పుడూ మిణుకుమిణుకుమంటూ ఉండేవి.

"మనవాళ్ళ నోట్లో నువ్వుగింజ నానదు. ఇక దీపాలేం వెలుగుతాయి?" అని అతను భార్యను నవ్వించేవాడు.

ఆవేళ పొద్దున ఆమెకు నొప్పులు మొదలయ్యాయి. "తొలికాన్పు, సాయంత్రందాకా పడుతుంది. మంత్రసాని ఉంది, నేనున్నాను. నువ్విక్కడ కాళ్ళకడ్డం ఎందుకు, పనికి వెళ్ళిరా" అంది అతని తల్లి.

మనసాగక మధ్యాహ్నానికే తిరిగొచ్చాడు. వీధి మొదట్లో దీపం పట్టపగలే భగభగమంటోంది. దాని కింద బట్టలు కుట్టే పిన్ని కూర్చుని ఉంది.

"ఏం పిన్నీ, ఇవాళ ఏం దాస్తున్నావు?" అన్నాడు నవ్వుతూ.

"నా దగ్గరేముంది నాయనా. ఇంటికి వెళ్ళు" అని ఆమె తల వంచుకుని సూదిలోకి దారం ఎక్కించబోయింది. దారం ఎక్కలేదు. దీపం ఇంకాస్త పెరిగింది.

తర్వాతి దీపమూ అంతే. ఆ తర్వాతిదీ అంతే. అరుగుల మీద అందరూ ఉన్నారు, ఒక్కరూ పలకరించలేదు.

తల్లి గుమ్మంలోనే ఎదురైంది. ఆమె వెనక గదిలోని వెలుగు కళ్ళు తెరిచి చూడలేనంత తెల్లగా ఉంది.

"వచ్చావా నాన్నా. ముందు కాసిని మంచినీళ్ళు తాగు."

అడగాల్సిన మాట అతని పెదవులదాకా వచ్చి ఆగిపోయింది.

భుజాన ఉన్న సంచిలో, ఇక వెలగదని తీసిపారేయబోయిన పాత దీపం మెల్లగా వెలిగింది.