ఆయన చెప్పని వాక్యం

జ్ఞానశేఖర్ ఫోను రిసీవరు ఎత్తి చెవి దగ్గర పెట్టుకున్నాడు. గుయ్యిమంటోంది. లైను బాగానే ఉంది.

పెట్టేసి హాల్లో నాలుగడుగులు వేశాడో లేదో, తను ఎత్తిన ఆ కాసేపట్లోనే మనాలి నుంచి ఎవరైనా చేసి, ఎంగేజ్ అని ఊరుకున్నారేమోనని భయం పట్టుకుంది.

శుక్రవారం సాయంత్రం నుంచి ఇదే వరస. ఇవాళ ఆదివారం.

పద్మారావు నగర్‌లో ఆయన్ని ఎరగనివాళ్ళు తక్కువ. పాస్టర్లు కాబోయే వాళ్ళకి పాఠాలు చెబుతాడు. తొలినాటి క్రైస్తవులు ఏం నమ్మారు, ఏ మాటల్లో నమ్మారు అని కదిపితే చాలు, అన్నం చల్లారిపోతున్నా పట్టదు.

కొండల సంగతి మాత్రం అడక్కూడదు. మౌలాలీ గుట్ట మెట్లు సగం ఎక్కి, చెప్పులు కరుస్తున్నాయని దిగొచ్చిన మనిషి.

కొండల పిచ్చి భార్య ప్రేమమణిది. మెట్టుగూడ రైల్వే క్వార్టర్స్‌లో పెరిగింది, స్కూల్లో డ్రిల్లు టీచరు. ఈ వేసవికి హిమాలయాలకు వెళ్ళే బృందంలో పేరిచ్చి, రెండు నెలల పాటు వీపున పది కిలోల బియ్యం కట్టుకుని అదే గుట్ట ఎక్కి దిగింది. దారినపోయేవాళ్ళు రేషన్ ఎక్కడిస్తున్నారమ్మా అని అడిగేవారు.

నలభై ఎనిమిదేళ్ళొచ్చాక ఇదేం పనని ఆయన గొణిగాడు.

"మీరు రోజూ పద్దెనిమిది వందల ఏండ్లు వెనక్కి పోయొస్తరు. నేను వద్దన్ననా? నేను మనాలి దాంక పోతే ఏందండీ మీకు తక్లీఫ్?"

ఆయన స్టేషనుకు కూడా వెళ్ళలేదు. పరీక్ష పేపర్లు దిద్దాలన్నాడు. అవి ముందురోజే అయిపోయాయి.

శుక్రవారం ఫోను చేసింది ఆ బృందాన్ని కొండెక్కించే మనాలి ఆఫీసు మనిషి. హిందీలో, ఆగి ఆగి చెప్పాడు. మంచులో బావంత లోతు చీలిక ఉందట. పైన పొర కట్టి ఉంటే కనపడలేదు. మేడమ్ అడుగు వేశారు.

పైనుంచి పిలిస్తే మొదట పలికారట. తర్వాత పలకలేదట.

"ఎవరైనా దిగారా?" అని అడిగాడు జ్ఞానశేఖర్.

తాళ్ళు చాలలేదన్నాడు. మంచు కురుస్తోంది, మిలటరీ వాళ్ళు రావాలన్నాడు.

శనివారం మధ్యాహ్నం మళ్ళీ ఫోను. ఆయన అదే అడిగాడు.

"ఇంకా లేదు సార్."

ఆ తర్వాత ఫోను మోగలేదు.

మెట్టుగూడ నుంచి వదిన మేబెల్ వచ్చి కూర్చుంది. చెల్లెలి కోసం ఏడ్చి ఏడ్చి ఆవిడ కళ్ళు ఉబ్బిపోయాయి. అయినా ఈయన తిరుగుడు చూడలేక చివరికి చొక్కా తెచ్చి చేతికిచ్చింది.

"జెర చర్చికి పోయి రాండి మరిదిగారూ. ఫోన్ కాడ నేనుంట."

వెళ్ళాడు. ఇంట్లో ఉండలేక వెళ్ళాడంతే.

మూడో వరసలో కిటికీ పక్కన ఆయనా ప్రేమమణీ కూర్చునే చోటు. ఆయన కూర్చున్నాక పక్కన ఎవరూ కూర్చోలేదు. ముందు పాట అయింది, ప్రార్థన అయింది. పాస్టరు జకర్యా ఆమె పేరెత్తి ప్రార్థించారు. జ్ఞానశేఖర్‌కి ఒక్క మాటా చెవికెక్కలేదు. మనాలి కొండల్లో ఇప్పుడు ఎండ వచ్చిందో లేదోనని కిటికీలోంచి ఆకాశాన్ని చూస్తున్నాడు.

తాము నమ్మేదేమిటో ప్రతి ఆదివారం కలిసి పలికే విశ్వాస ప్రమాణం చెప్పడానికి అందరూ లేచారు.

అందులో ఒక వాక్యాన్ని జ్ఞానశేఖర్ చెప్పడు. ప్రభువు చనిపోయాక, మృతులుండే అదృశ్యలోకంలోకి దిగాడనే వాక్యం. అన్నిటికన్నా పాత ప్రమాణంలో అది లేదనీ, ఎప్పుడో వందల ఏళ్ళ తర్వాత చేర్చారనీ ఆయన వాదన. తొలివాళ్ళు అనని మాట తనెందుకనాలి? అక్కడికి రాగానే నోరు మూసుకుంటాడు. ఇరవై ఆరేళ్ళుగా ఇంతే.

ప్రేమమణి ఆ ఒక్క వాక్యాన్నీ ఇద్దరి వంతూ గట్టిగా చెప్పి, మోచేత్తో ఆయన్ని పొడిచేది.

ఓసారి ఇంటికొచ్చాక పుస్తకాలు ముందేసుకుని రుజువులు చూపించబోయాడు. ఆవిడ చిక్కుడుకాయలు ఒలుస్తూ విన్నది.

"లేకపోతే లేకపాయె. ఎవరి మనిషో గంత కిందికి పోయింటది. అక్కడిదాంక ప్రభువు తప్ప ఇంకెవ్వరు పోలేరని వాళ్ళు రాసుకున్నరేమో."

ఆధారం లేని మాట అని ఆయన కొట్టిపారేశాడు.

ఇప్పుడు చుట్టూ గొంతులన్నీ ఒక్కటై సాగుతున్నాయి. సిలువ దగ్గరికి వచ్చారు. మరణం దగ్గరికి వచ్చారు. సమాధి దగ్గరికి వచ్చారు.

అలవాటుగా ఆయన పెదవులు మూసుకున్నాయి. అలవాటుగా డొక్క బిగబట్టాడు.

మోచెయ్యి తగల్లేదు.

"దిగెను," అన్నాడు జ్ఞానశేఖర్.

గొంతు మరీ పెద్దగా వచ్చింది. ముందు వరసలో ఎవరో వెనక్కి తిరిగి చూశారు.

"దిగెను," అన్నాడు మళ్ళీ.

సంఘం మూడవ దినమున తిరిగి లేచెను అనే దగ్గరికి వెళ్ళిపోయింది. ఆయన ఇంకా ఆ మాట దగ్గరే ఉన్నాడు.