గడీలో చంద్రవ్వ

శుక్రవారం పొద్దున తొమ్మిదింటికి రాజనర్సు దిండు ఎత్తి చూస్తే నోటుబుక్కు లేదు.

పరుపు లేపాడు. మంచం కిందికి దూరాడు. బూట్లు దులిపాడు. చివరికి గది మధ్యలో నిలబడి అరిచాడు.

"నా పుస్తకం ఎవడు తీసిండు?"

పరాయి దేశంలో కూలీలుండే హిద్ క్యాంపులో ఈరోజు సెలవు. పక్క మంచం మీద భూమేష్ దుప్పటి ముఖం మీదికి లాక్కున్నాడు.

"మిమ్ముల్నేరా! రెండేండ్ల కష్టం. దానికి ఇంకో కాపీ గూడ లేదు."

అది దయ్యాల నవల. పాడుబడిన దొరల గడీ, తాళం వేసిన గది, అందులో తిరిగే ఆడదయ్యం. రాజనర్సుకు షిప్‌యార్డులో తుప్పు గీకే పని. అన్నం తిన్నాక ఖాళీ ఓడ గర్భంలో కూర్చుని రాస్తాడు. అక్కడ దగ్గితే ఆ దగ్గు మూడుసార్లు వినిపిస్తుంది. ప్రతి శుక్రవారం గదిలో వాళ్లకు ఒక అధ్యాయం చదువుతాడు. ఈరోజు ఆఖరిది చదవాలి. పన్నెండింటికి అదే గదిలో ఉండే మల్లేష్ ఊరికి పోతున్నాడు. పుస్తకం అతని చేత జగిత్యాల పంపితే అక్కడ ప్రెస్సాయన అచ్చు వేస్తానన్నాడు. ఫోన్లో రెండు పేజీల ఫోటోలు పంపి చూస్తే అక్షరాలు ఆనడం లేదని, అసలు పుస్తకమే కావాలని అన్నాడు.

"మల్లేష్, నీ పెట్టె విప్పు."

"మూడుసార్లు విప్పినవ్ నర్సన్నా. ఇంకోసారి విప్పితే తాడు నువ్వే కట్టాలె."

"అయితే భూమేషే తీసిండు. వీనికి దయ్యమంటే భయం. నా కథ విన్న రోజు బాత్రూంకు తోడు రమ్మంటడు."

భూమేష్ దుప్పటి విసిరికొట్టాడు. "భయపడితే మాత్రం దాస్తనా? ఆ దయ్యం ఆఖరుకు ఏమైతదో తెల్వకపోతే నేను ఇంకెన్నడు నిద్రపోవాలె?"

అప్పుడే గంగన్న ఖాళీ పళ్లెంతో లోపలికి వచ్చాడు. గదిలో అందరికంటే పెద్దవాడు. వంట ఆయనదే.

"మళ్ల కాకులకేనా?" అన్నాడు మల్లేష్. "పది రోజుల సంది నీసు ముట్టవు. పోయేముందు నీ చేతి మటన్ తిందామంటే వండవు. కాకులకు మాత్రం గోడ మీద దావత్. సామివైనవా ఏంది?"

గంగన్న పళ్లెం కడుక్కున్నాడు.

"అన్నా, ముచ్చట తెల్సిందా?" అన్నాడు భూమేష్. "నీ పెండ్లాం మాయమైంది."

మల్లేష్ పకపకా నవ్వాడు. నవలలో దయ్యం పేరు చంద్రవ్వ. రాజనర్సు ఎప్పుడూ పేర్లు గదిలోవాళ్లనే అడిగి పెడతాడు. దయ్యానికి పేరు కావాలంటే గంగన్న తన భార్య పేరు ఇచ్చాడు. "ఫోన్ల రోజూ నన్ను పీక్క తింటది, అదే పెట్టు" అన్నాడు. ఆ రోజు నుంచి ఆయన్ని ఏడిపించని శుక్రవారం లేదు. గదిలో ఆయన ఊరివాడు ఒక్కడూ లేడు, ఆయన తరఫున మాట్లాడటానికి.

గంగన్న నవ్వలేదు. "నర్సూ," అన్నాడు. "ఆఖరుకు ఆమె ఏమైతది?"

"ఎన్నిసార్లు అడుగుతవే అన్నా! పోయిన శుక్రవారమే చెప్తి గద. మంత్రగాడు గడీకి నిప్పు వెడ్తడు. చంద్రవ్వ అండ్ల కాలిపోతది. ఖలాస్."

"కాలవెట్టక తప్పదా?"

"దయ్యాల నవల అది! దయ్యం పోకుంటే కథ ఎట్ల అయిపోతది?"

"అయిపోకుంటే ఏంది?"

రాజనర్సు రెండు చేతులతో తల పట్టుకున్నాడు. "ఇక్కడ నా పుస్తకం పోయిందిరా నాయనా అంటే, ఈయన కథ మార్చుమంటడు! నీకు దండం పెడ్త, జర ఊకో."

పదకొండయింది. రాజనర్సు అందరి పెట్టెలూ మళ్లీ వెతికాడు. ఒక్క గంగన్న పెట్టె మిగిలింది.

"అన్నది ఎందుకు?" అన్నాడు మల్లేష్. "అక్షరం ముక్క రాదు ఆయనకు. పుస్తకం ఏం జేసుకుంటడు?"

"ఏమో. అన్నీ చూసిన, ఇది గూడ చూస్త."

గంగన్న అడ్డం రాలేదు. మంచం మీద కూర్చుని కిటికీ వైపు చూస్తున్నాడు. రాజనర్సు మూత ఎత్తాడు. బట్టల అడుగున తెల్ల తువ్వాలలో చుట్టిన నోటుబుక్కు. అట్ట మీద పసుపు, కుంకుమ.

భూమేష్ నోరు తెరిచాడు. "పుస్తకానికి పూజనా?"

"పెద్దమనిషివి!" రాజనర్సు పుస్తకం బయటికి తీశాడు. "పొద్దటి సంది కుక్కలెక్క తిరుగుతున్న, చూసుకుంట కూసున్నవా? కారు వచ్చే టైమైంది. రెండేండ్లు రాసిన అన్నా! నీకు ఇది ఆటలెక్క ఉన్నదా? ఎందుకు దాచినవ్?"

"ఇయ్యాల పదకొండో దినం నర్సూ."

"ఎవరిది?"

గంగన్న పుస్తకం మీద చెయ్యి పెట్టాడు.

"చంద్రవ్వను ఊర్లె ఒకసారి కాలవెట్టిండ్రు. నేను పోలే. మళ్లొకసారి నువ్వు కాలవెట్టకు."

పన్నెండింటికి మల్లేష్ పుస్తకం లేకుండానే వెళ్లాడు. ఆఖరి అధ్యాయం రాజనర్సు మళ్లీ రాయాల్సి ఉంది.